ఎలీషా మాస్టారి పాటల పెట్టె

ఎలీషా మాస్టారు ముప్ఫై నాలుగేళ్లు పాఠాలు చెప్పారు. అన్నేళ్లలో "నాకు తెలియదు" అన్న మాట ఆయన నోట ఎవరూ వినలేదు. ఐదో తరగతి దాకా ఆయన దగ్గర దెబ్బలు తిన్నవాణ్ణి, ఆ సంగతి నేను చెప్పగలను. తెలియని లెక్క ఎదురైతే "రేపు చెప్తాను, కూర్చో" అనేవారు. ఇంటికి వెళ్లి నేర్చుకుని, మర్నాడు నిజంగానే చెప్పేవారు.

రిటైరయ్యాక ఆయనకు పాటల పిచ్చి పట్టింది. మిరపకోతల్లో, పత్తి తీతల్లో మా పాలెం ఆడవాళ్లు పాడుకునే పాటలు. వాళ్లను అడిగి నోటుపుస్తకాల్లో రాసుకుని, తీరిగ్గా లాప్‌టాప్‌లో టైపు చేసేవారు. అలా రెండు వందల పద్నాలుగు పాటలయ్యాయి. నోటుపుస్తకాలను చెదలు తినేశాయి. పాడినవాళ్లు ఒక్కొక్కరే పోయారు. ఎనభై దాటిన ఎలీసమ్మ ఒక్కతే మిగిలింది. ఇక ఆ పాటలు ఉన్నదల్లా ఆ లాప్‌టాప్‌లోనే.

అదేమో స్విచ్ వేశాక టీ కాచుకుని తాగి గ్లాసు కడిగినా తెరుచుకునేది కాదు. ఈమధ్య ఉన్నట్టుండి ఆగిపోవడం కూడా మొదలుపెట్టింది. పోయిన వేసవిలో ఆయన్ని స్కూటర్ మీద ఎక్కించుకుని టౌన్లో బ్రాడీపేట తీసుకెళ్లాను. అక్కడ కోచింగ్ సెంటర్ల సందులో యాస్మిన్ అనే అమ్మాయికి రిపేరు షాపు ఉంది.

ఆమె అడుగు మూత విప్పగానే ముగ్గురం తుమ్మాం. మాస్టారి ఇల్లు మిరపకాయలు ఆరబోసే కల్లం పక్కనే. ఏళ్ల తరబడి దుమ్మంతా ఫ్యాన్‌లో చేరి ఎర్రగా గడ్డకట్టింది.

"కారం డబ్బా తెచ్చారేంటి సార్!" అంటూ యాస్మిన్ ముక్కుకు చున్నీ కట్టుకుంది. శుభ్రం చేసి, పరీక్షించి చూసింది. "బోర్డుకేం కాలేదండి. ఇందులో ఉన్న సిస్టమ్‌ని మోసే ఓపిక దీనికి లేదు, అంతే. దీని బదులు లినక్స్ అని ఇంకో సిస్టమ్ వేస్తాను. ఊరికే దొరుకుతుంది, తేలిగ్గా నడుస్తుంది. కాకపోతే ఉన్నదంతా తుడిచెయ్యాలి. ఏమేం దాచమంటారు?"

"పాటల ఫోల్డర్ దాచు. మిగతాదంతా చెత్త, ఊడ్చెయ్."

"తెలుగు టైపుకి ఫాంట్లేమైనా విడిగా వేయించుకున్నారా?"

మాస్టారు కళ్లజోడు సర్దుకున్నారు. "అలాంటివేం లేవమ్మా" అన్నారు, పరీక్షలో ఏ ప్రశ్నా ఖాళీగా వదలని పిల్లాడిలా. ఫాంటంటే ఏమిటో ఆయనకు తెలియదేమోనని నాకు అప్పుడే అనుమానం వచ్చింది. అయినా నోరెత్తలేదు. ఐదో తరగతి భయం ఇంకా పోలేదు.

నాలుగు రోజుల తర్వాత మళ్లీ వెళ్లాం. స్విచ్ వేసిన అరనిమిషంలో తెర వెలిగింది. మాస్టారు మురిసిపోతూ మొదటి పాట తెరిచారు. అందులో తెలుగక్షరం ఒక్కటీ లేదు. ఇంగ్లీషు అక్షరాలు, డాలరు గుర్తులు, బ్రాకెట్లు కలగాపులగంగా ఉన్నాయి. రెండోది తెరిచారు, పదోది తెరిచారు. అన్నీ అంతే.

"నాశనం చేశావు కదమ్మా!" సందులో వాళ్లు తొంగిచూసేంత గట్టిగా అరిచారు. "పాడినవాళ్లు ఒక్కరు తప్ప అందరూ పోయారు. మళ్లీ ఎవర్ని అడగను?"

యాస్మిన్ నొచ్చుకుంది కానీ గొంతు పెంచలేదు. "పాటలెక్కడికీ పోలేదండి. ఇంగ్లీషు అక్షరాలకే తెలుగు రూపం తొడిగే పాత ఫాంటుతో కొట్టారు. అది ఉంటేనే తెలుగులా కనపడతాయి. నేనడిగితే మీరే లేదన్నారు. పోనీ, అది ఏ ఫాంటో చెప్పండి, వెతుకుతాను."

మాస్టారు పదకొండో పాట తెరిచారు, పన్నెండోదీ తెరిచి చూశారు.

"నాకు తెలియదమ్మా" అన్నారు చివరికి. "ఫాంటంటే ఏంటో కూడా తెలియదు. ప్రెస్సు జాన్ బాషా ఏదో వేసిచ్చి, ఏ అక్షరానికి ఏ మీట నొక్కాలో చూపించాడు."

ఆ మాట అనడానికి ఆయన పడ్డ అవస్థ చూస్తే జాలేసింది. నాలుగు రోజుల ముందే అని ఉంటే ఇంత రాద్ధాంతం ఉండేది కాదని కోపమూ వచ్చింది.

జాన్ బాషా ప్రెస్సు రెండు వీధుల అవతలే. ఇప్పుడు ఫ్లెక్సీలు కూడా వేస్తున్నాడు. "పెళ్లికార్డులకి ఇప్పటికీ అదే వాడతన్నాం మాస్టారూ" అంటూ ఫాంటు పెన్‌డ్రైవ్‌లో ఎక్కించి ఇచ్చాడు. యాస్మిన్ దాన్ని లాప్‌టాప్‌లో వేసి మొదటి పాట తెరిచి పైకి చదివింది.

"ఎర్రకాయా, ఎండకాయా, ఎవరి ఇంటికి పోతావే... భలే ఉందండి! ఒకసారి పాడండి సార్, వింటాను."

మాస్టారు కళ్లజోడు సర్దుకున్నారు. రేపు చెప్తాను అంటారనుకున్నాను.

"తెలియదమ్మా" అన్నారు. ఈసారి అంతసేపు పట్టలేదు. "మాటలు రాసుకున్నానే గానీ, బాణీ ఏనాడూ నేర్చుకోలేదు."

లాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని మాస్టారు స్కూటరెక్కారు. ఊళ్లోకి వచ్చాక, "ఎలీసమ్మ ఇంటికి పోనీరా" అన్నారు.

ఎలీసమ్మ వసారాలో మంచం మీద కూర్చుని మిరపకాయల తొడిమలు తీస్తోంది. మాస్టారు చెప్పులు విడిచి, ఒకప్పుడు మేం ఆయన ముందు కూర్చున్నట్టే, నేలమీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నారు. లాప్‌టాప్ తెరిచి ఒళ్లో పెట్టుకున్నారు.

"పిన్నీ, ఇవి ఎలా పాడాలో నాకు తెలియదు. నేర్పు."

ఎలీసమ్మ ఆయన్ని ఎగాదిగా చూసింది. "ఏరా, ఊరందరికీ పాఠాలు చెప్పావు, పాట రాదా నీకు? ముందు ఆ పెట్టె మూసెయ్. నా నోరు చూస్తా పాడు."

మాస్టారు మూసేశారు.