ఆరో మేకు

టైలరమ్మ పెరట్లోకి ఏ కుక్కా మెడపట్టీతో అడుగుపెట్టకూడదు. గేటు పక్క గోడకు ఆరు మేకులు కొట్టించింది. పట్టీ విప్పి మేకుకు తగిలించాకే లోపలి తలుపు తెరుస్తుంది. ఆడుకోడానికి వచ్చేవన్నీ మోకాలి ఎత్తు దాటని బుజ్జి కుక్కలు. ఆవిడ పెంచుకునే గుండీతో కలిపి ఆరు, అంతకు మించి ఒక్కటి కూడా కుదరదు. బంతి తేకూడదు, తిండి తేకూడదు, కొట్లాటలన్నీ వాటి దగ్గరే మొదలవుతాయి. బెదిరిన కుక్క దూరి కూర్చోడానికి పాత కుట్టుమిషను బల్ల ఉండనే ఉంది. నలభై ఏళ్లు కుట్టి కుట్టి, చూపు మందగించి మిషను మూలపడ్డాక, ఆదివారం పొద్దుటి ఈ రెండు గంటలే ఆవిడకు లోకం.

కిందటి వారం ఎదురింటి నర్సు మొండికేసింది. "మెత్తటి పట్టీయే కదా ఆంటీ, ఉంటే ఏమవుతుంది?"

"ఆటలో ఇంకోదాని పళ్లు అందులో ఇరుక్కుంటే తెలుస్తుంది ఏమవుతుందో! విప్పుతావా, ఇంటికెళ్తావా?"

నర్సు మొహం మాడ్చుకుని, తన కుక్క నల్లోణ్ణి చంకనేసుకుని వెళ్లిపోయింది. ఈ వారం మాత్రం బుద్ధిగా పట్టీ విప్పి మరీ లోపలికి వచ్చింది.

ఇంతమందికి నీతులు చెప్పే మనిషి గుండీ మెడలో పట్టీ మాత్రం ఉంచేసింది. తన చేత్తో నాలుగు వరసలు కుట్టిన పట్టీ. పైగా గుండీ గేటు దాటి వచ్చేది కాదు, ఇంట్లోంచి వచ్చేది. దానికీ విప్పాలన్న ఊహే ఆవిడకు రాలేదు.

గుండీ, నల్లోడు పొర్లుతూ ఆడుతున్నారు. ఉన్నట్టుండి నల్లోడు కీచుమన్నాడు. వాడి కింది దవడ గుండీ పట్టీలో ఇరుక్కుంది. భయపడి గింజుకుంటూ రెండు పల్టీలు కొట్టాడు. పట్టీ మెలిపడి గుండీ గొంతుకు బిగుసుకుంది. దాని నోట కూత కూడా రాలేదు, నాలుక నీలంగా బయటికి వచ్చేసింది.

"అయ్యో నా తల్లీ!" నడుముకు వేలాడే కత్తెర లాగింది టైలరమ్మ. పట్టీ కిందికి అది దూరితేగా! పైనుంచి నొక్కితే ఆ కుట్లు తెగితేగా! దిక్కుమాలిన పనితనం, ఇవాళే అక్కరకు రావాలా? బకిల్ కదల్లేదు. నర్సు నల్లోణ్ణి వెనక్కి గుంజబోయింది.

"లాగకు!" గావుకేక పెట్టింది టైలరమ్మ. చిక్కుపడ్డ దారాన్ని లాగొద్దని ఎంతమందికి నేర్పిందో ఆవిడ. "వాణ్ణి ఎత్తు. దీని దగ్గరికి తే. ఇప్పుడు తిప్పు. అటు కాదే, ఇటు! ఇంకోసారి!"

మెలి వదిలింది. దవడ ఊడివచ్చింది. గుండీ మాత్రం కదల్లేదు.

నర్సు మోకాళ్ల మీద కూలబడి పట్టీ ఊడబెరికింది. గుండీ నోరు మూసి, ముక్కులోకి ఊదింది. మళ్లీ ఊదింది. నాలుగోసారికి గుండీ దగ్గింది.

టైలరమ్మ భోరుమంది. "నిన్ను అందరి ముందూ వెళ్లగొట్టానే!"

"వచ్చే వారం గేటు దగ్గర నేను నిలబడతా ఆంటీ. ముందు మీ గుండీనే ఆపుతా," అంది నర్సు.

టైలరమ్మ పట్టీ తీసుకుని గోడ దగ్గరికి నడిచింది. ఐదు మేకులకు ఐదు పట్టీలు. ఇన్ని ఆదివారాలూ ఆరో మేకు ఖాళీగానే ఉందని ఆవిడకు అప్పుడు కనిపించింది.