మగ్గాలు ఆగిన రోజు

పంతొమ్మిది వందల యాభైలలో మద్రాసులో పెద్దవాళ్ల నోటి మాటలు రాసుకుంటూ తిరిగేవాణ్ణి. ఒక పద్ధతి పెట్టుకున్నాను. చెప్పింది రాసుకోవడం, మరుసటిసారి వాళ్లకే చదివి వినిపించడం, తప్పులుంటే దిద్దుకోవడం. ఆ పద్ధతి మీద నాకు తగని గర్వం ఉండేది.

చింతాద్రిపేటలో ఒక నేతవారి ఇంట్లో ఎనభై దాటిన పెద్దామె ఉండేది. ఇద్దరు కొడుకులు, పెద్దకోడలు, ముందు గదిలో మూడు మగ్గాలు. మగ్గాలు ఆడుతున్నంతసేపే ఆమె నోరు విప్పేది. ఆ టకటకల్లో పక్కన కూర్చున్నవాడికి తప్ప ఇంకెవరికీ మాట వినపడదు. నేను చదివి వినిపించాలన్నా అరవాల్సిందే.

ఒకరోజు ఆమె, "నేను ఈ కులంలో పుట్టినదాన్ని కాదు నాయనా" అంది. తన పసితనంలో వచ్చిన ధాత కరువులో దారి పక్కన చచ్చిపడిన తల్లి దగ్గర కూర్చునుంటే, ఒక నేతాయన ఎత్తుకొచ్చి తన కూతురని పెంచాడట. తల్లిది ఏ కులమో ఎవరికీ తెలియదు.

"నా మొగుడికి గూడా చెప్పలే. పెదవి దాటితే పృథివి దాటుతుంది. ఈడ తెలిస్తే నన్ను గడప తొక్కనిస్తారా?"

మరి నాకెందుకు చెప్పావని అడిగాను.

"ఎవురికో ఒకరికి చెప్పకుండా పోతే, ఆ చచ్చినామెకి నేను పుట్టనట్టే గదా!"

తర్వాత ముసురు పట్టింది. నాలుగు రోజులకి గొడుగేసుకుని వెళ్లాను. పడుగుకు పెట్టిన గంజి ఆరక మగ్గాలు ఆపేశారు. కొడుకులు ఇంట్లో లేరు. కోడలు వంటింట్లో రుబ్బుతోంది. నేను అలవాటు ప్రకారం పుస్తకం తెరిచి, అలవాటైన ఆ అరుపు గొంతుతోనే చదివాను. నా బుద్ధి గడ్డి తింది. పుస్తకంలో తల దూర్చినవాణ్ణి, పెద్దామె వద్దు వద్దని చేతులూపడం చూడలేదు.

"తల్లిది ఏ కులమో తెలియదు" అన్న మాట గదంతా మోగింది. లోపల రోటి చప్పుడు ఆగిపోయింది.

అంత భయం నాకు మళ్లీ ఎప్పుడూ వేయలేదు. గభాలున పుస్తకం మూసి, "ఇది వేరే ఇంట్లో చెప్పిన కథ" అన్నాను, గట్టిగా. నన్ను ఎవరూ అడగలేదు. అడగకుండా చెప్పిన అబద్ధాన్ని ఎవరు నమ్ముతారు?

రోటి చప్పుడు మళ్లీ మొదలవలేదు. పారిపోదామనిపించింది కానీ ఆమెను ఒక్కదాన్నే వదిలి పోవడానికి కాళ్లు రాలేదు. పెద్దామె ఎలాగో మామూలు గొంతు తెచ్చుకుని, "అమ్మాయ్, రవ్వన్ని నీళ్లియ్యి" అని పిలిచింది.

కోడలు చెంబుతో వచ్చింది. ముప్పై ఏళ్లుగా అత్త చేతికి చెంబందించిన మనిషి, రెండడుగుల దూరంలోనే నిలబడిపోయింది. నా వైపు చూడలేదు. చెంబు చేతికివ్వకుండా, పైనుంచి పోయడానికన్నట్టు ఎత్తి పట్టుకుంది.

పెద్దామె కోడలి ముఖంలోకి చూసింది. తర్వాత రెండు చేతులూ చేర్చి దోసిలి పట్టింది.