ప్లీహము, పిల్లేమో, బల్ల

బల్ల అన్న మాటకి మా వైపు రెండర్థాలున్నాయి. ఒకటి నేను చేసేది. రెండోది మన్యం జ్వరం చేసేది. చలిజ్వరం మనిషిని పట్టుకుని నెలల తరబడి వదలకపోతే ఎడం డొక్క కింద ఏదో గట్టిగా, నున్నగా, అంచు తేలి చేతికి తగులుతుంది. దాన్ని కడుపులో బల్ల అంటారు. ఆ పేరు పెట్టినవాడెవడో తప్పకుండా వడ్రంగే అయి ఉంటాడు. చిత్రిక పట్టిన పలక అంచు ఎలా ఉంటుందో అది అచ్చం అలాగే ఉంటుంది. ఈ రెండో బల్ల మా ఇంటిదాని కడుపులో పెరిగింది. దానికి పుస్తకాల్లో ఇంకో పేరొకటి ఉండడం వల్ల నా కొంప మునగబోయింది.

నేను పుట్టింది శృంగవరపుకోట దగ్గర. బడికి వెళ్ళాను గాని నా నోటికీ మాస్టారి బెత్తానికీ పొసగలేదు. ఆయన ఒకటంటే నేను రెండనేవాణ్ణి, ఆయన నాలుగిచ్చేవారు. అంతటితో ఎక్కాలు వచ్చేశాయనుకుని బడి మానేసి మా నాన్న బాడిస పట్టుకున్నాను. నాన్న పోయాక, మన్యంలో పితూరీ సద్దుమణిగి పటాలం కొండ దిగిపోయిన మరుసటేడు, హుకుంపేట అవతల మిషను వాళ్ళు ప్రార్థన మందిరమూ మందుల బంగళా కడుతున్నారని, వడ్రంగి కావాలని కబురొచ్చింది. పనిముట్లు ఎద్దు మీద వేసుకుని, అమ్మనీ పెళ్ళాన్నీ వెంటబెట్టుకుని ఘాటీ ఎక్కాను.

మా ఇంటిది మా మేనమామ కూతురే. నోటి దూకుడులో నాకేమీ తీసిపోదు. నేనొక మాటంటే అది నేలకు దిగకుండానే తిరిగి విసిరేసేది. పెళ్ళయి ఏళ్ళు గడిచినా పిల్లల్లేరు. అమ్మ ఆ మాట పైకి అనేది కాదు గాని, దారిలో ఎవరి చంకలోనైనా బిడ్డ కనిపిస్తే పని మానేసి చూస్తూ నిలబడిపోయేది. కోడల్ని తిట్టేదీ కాదు, దగ్గరికి తీసేదీ కాదు. కూరలో ఉప్పు సరిపోయిందంటే అదే పెద్ద ముద్దు.

కొండెక్కిన ఏడాదికి మా ఇంటిదానికి చలిజ్వరం పట్టుకుంది. రోజు విడిచి రోజు వచ్చేది. వచ్చే రోజు తెలుసు కాబట్టి, చుట్టం వస్తున్నట్టు ఆ పొద్దున్నే వంట ముగించి, కట్టెలు లోపల పెట్టి, కంబళి దులుపుకుని కూర్చునేది. "బావా, మా సుట్టం వొచ్చీ యేలయింది, నువ్వు బయట తిను" అనేది.

మందుల బంగళాలో డాక్టరమ్మగారు ఉండేవారు. సముద్రం అవతలి మనిషి. తెలుగు ఎవరో పంతులుగారి దగ్గర నేర్చుకున్నారట. ఆయన ఆవిడకి పుస్తకంలో తెలుగు నేర్పారు గాని నోట్లో తెలుగు నేర్పలేదు. సంతకొచ్చిన కొండ ఆడవాళ్ళని పట్టుకుని "ఓ స్త్రీలారా, మీ శిశువులకు స్నానము చేయింపుడు" అనేవారు. వాళ్ళు నా వంక చూసేవారు. "గుంటల్ని కడగమంటన్నారు" అనేవాణ్ణి. ఆవిడ తెలుగుని నేను తెలుగులోకి మార్చిపెట్టేవాణ్ణన్నమాట.

అమ్మ కోడల్ని ఆవిడకి చూపించిన రోజు మాత్రం నేను దుంగల కోసం అడవికి పోయాను. సాయంత్రం తిరిగొచ్చేసరికి అమ్మ గుమ్మంలో నిలబడి ఉంది.

"ఒరే, బేగి రా. నీకో మాట సెప్పాల."

"ఏటే అమ్మా, కోడలు నిన్ను కొట్టిందేటి?"

"నోరు ముయ్యి. దొరసాని దాని కడుపు పట్టుకుని సూసింది. సూసి, పిల్లేమో, పెరిగింది అంది."

"ఏమో అందా? కాయంగా సెప్పలేదా?"

"మొగుడివి, నీకే తెలీదు. దొరసానికి కాయంగా ఎలగ తెలుస్తాదిరా? అందుకే ఏమో అంది. పెరిగిందని మాత్రం రెండుసార్లు అంది."

నేను లోపలికి చూశాను. మా ఇంటిది పొయ్యి ముందు కూర్చుని తల వంచుకుని నవ్వుతోంది. వాంతులవుతున్నాయి, నెల తప్పింది, పొట్ట కనబడుతోంది. అన్నీ జ్వరం చేసిన పనులే గాని అన్నీ ఆ మాటకి సరిపోయాయి. ఏళ్ళ తరబడి ఒక్క కబురు కోసం చెవులు తెరుచుకుని కూర్చున్న మనిషికి ఏది వినబడుతుంది చెప్పండి. అమ్మకీ బల్ల తెలుసు, నాకూ తెలుసు. ఆ పూట ఇద్దరిలో ఒక్కరికీ జ్ఞాపకం రాలేదు.

డాక్టరమ్మగారు ఒక సీసా కూడా ఇచ్చి పంపారు. చలిజ్వరానికిచ్చే కొయినా మందు. అమ్మ వేలు ముంచి నాకి చూసి ఉమ్మేసింది.

"ఇంత సేదు తాగితే కడుపు నిలుస్తాదేటి? దొరసానికి పిల్లల్లేరు, దానికేటి తెల్సు" అని సీసాడు మందూ పెరట్లో గుమ్మడి పాదుకి పోసేసింది. ఆ ఏడు ఊళ్ళో అందరికీ జ్వరాలొచ్చాయి గాని ఆ పాదుకి రాలేదు.

ఆ రోజు నుంచి మా అమ్మ వేరే మనిషి. వాగు నుంచి నీళ్ళు తనే మోసేది. తిరగల్లో చోళ్ళు తనే విసిరేది. సంతలో తేనె దొరికితే అడ్డాకులో దాచి తెచ్చి కోడలికి నాకించేది. మధ్యాహ్నం ఎండ పొడ పడ్డ చోట కూర్చోబెట్టి తలకి ఆముదం రాసి, చిక్కు తీసి, దువ్వి జడ వేసేది. నా చిన్నప్పుడు నాకు కూడా ఇంత సేవ జరగలేదు. "నాను కూడా పొట్ట పెంచుతానే అమ్మా" అంటే దువ్వెనతో కొట్టింది.

జ్వరం మాత్రం దాని రోజున అది వస్తూనే ఉంది. "కడుపుతో ఉన్నప్పుడు ఒళ్ళు ఎచ్చబడతాదిలే" అనేది అమ్మ. పొట్ట పెరుగుతోంది, చేతులు పుల్లలవుతున్నాయి. నేను దాన్ని నవ్వించాలని, "లోపలున్నది వడ్రంగి బిడ్డే, పలకలు కోసుకుంటంది" అన్నాను. ఒకప్పుడైతే దానికి నాలుగు మాటలు తిరిగొచ్చేవి. అది ఊరికే నా వంక చూసి కళ్ళు మూసుకుంది. జ్వరానికీ వాంతులకీ వెయ్యని భయం నాకు ఆ ఊరుకోవడానికి వేసింది.

డాక్టరమ్మగారు కొన్నాళ్ళు అరకు వైపు ఊళ్ళు తిరగడానికి వెళ్ళారు. తిరిగొచ్చాక నన్ను పిలిపించి, "రోగులు పరుండుటకు పొడవైన బల్ల యొకటి కావలెను" అన్నారు. నేను బద్దతో గది కొలుస్తుంటే వెనకనుంచి అడిగారు.

"నీ భార్యకు ప్లీహము తగ్గినదా?"

"తగ్గడమేటండి, బాగా పెరుగుతంది. మా అమ్మ సంబరం సెప్పలేం."

ఆవిడ కళ్ళద్దాలు తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నారు. "పెరుగుచున్నదా? అందులకు మీరు సంతోషించుచున్నారా?"

"సంతోషం కాదేటండి. ఇన్నాళ్ళకి మీ నోటి సలవ వల్ల పిల్లేమో అని..."

"అవును. ప్లీహమే."

ఆవిడ ప్లీహమే అన్నది నాకు పిల్లే అని వినబడింది. "పిల్లేనా అండి? గుంటడు కాడా?"

"గుంటడనగా నేమి?"

"మగపిల్లడండి."

ఆవిడ నన్ను కాసేపు చూశారు. నాకు కూడా జ్వరం తగిలిందేమో అనుకున్నట్టున్నారు. తర్వాత చెయ్యి ఊపి పక్క గదిలోకి పిలిచారు. గోడకి ఒక బొమ్మ వేలాడుతోంది. తోలు ఒలిచిన మనిషి. తలుపులు తెరిచి పెట్టిన బీరువాలాగా లోపలి అరలన్నీ కనబడుతున్నాయి. ఆవిడ ఒక పుల్ల తీసి ఎడం పక్క, పక్కటెముకల చాటున ఊదారంగులో ఉన్న ఒక తునక మీద పెట్టారు.

"ఇది ప్లీహము."

"ఇది... పిల్ల కాదాండి?"

"పిల్ల కాదు. శిశువు కాదు. జ్వరముచే ఇది వాచి పెరుగును."

అప్పుడు నా నోట్లోంచి "బల్ల" అన్న మాట దానంతటదే వచ్చింది.

"బల్ల తరువాత చేయవచ్చును" అన్నారావిడ.

"సేసే బల్ల కాదండి. ఇదే బల్ల. మీరు ప్లీహమంటన్నారే, దాన్ని మేం బల్ల అంటాం."

ఆవిడ పక్కనున్న మేజా మీద అరచేత్తో చరిచారు. "ఇది బల్ల."

"అదీ బల్లేనండి."

"ఇది కూర్చుండి వ్రాయుటకు."

"అది కూర్సోడానికండి. ఇది మనిసిని కూర్సోబెట్టీడానికి."

ఆవిడ నవ్వలేదు. బల్ల, బల్ల అని రెండుసార్లు మెల్లగా అనుకున్నారు. "ఈ మాట నాకు పంతులు చెప్పలేదు. మందు ఆమె త్రాగుచున్నదా?"

"గుమ్మడి పాదు తాగిందండి."

ఆవిడ కుర్చీలో కూలబడ్డారు. "ఆమె క్రిందపడరాదు. దెబ్బ తగిలినచో అది లోపల పగులును. పగిలినచో నేను చేయగలిగినది లేదు. మందు త్రాగనిచో..." అని ఆగిపోయారు. ఆవిడ మాట చివర ఒక 'ను' గాని, 'దు' గాని లేకుండా ఆగిపోవడం నేను వినడం అదే మొదలు. ఆ మిగిలిన ముక్క నన్ను ఇంటిదాకా తరిమింది.

దారి పొడుగునా వలిసె పూలు పచ్చగా విరగబూసి ఉన్నాయి. ఏమని చెప్పాలో ఒక్కొక్క మాటే పైకి అనుకుని చూసుకున్నాను. నాకు ప్రతిదానికీ ఒక వేళాకోళం ఉంటుంది. ఆ రోజు ఎంత వెతికినా ఒక్కటి దొరకలేదు.

ఇంటికెళ్ళేసరికి ఇద్దరూ పెరట్లో ఉన్నారు. అమ్మ వెనక కూర్చుని కోడలికి తల దువ్వుతోంది. నేను ఎదురుగా గొంతుక్కూర్చున్నాను.

"అమ్మా, అది పిల్ల కాదు. బల్ల."

"ఏ బల్లరా?"

"కడుపులో బల్ల. దొరసాని అన్నది ప్లీహం. పుస్తకం మాటంట. నీకు పిల్లేమో అని వినబడింది."

అమ్మ చేతిలో దువ్వెన జుట్టులోనే ఆగిపోయింది. నేను మా ఇంటిదాని మొహం వంక చూడలేక నేల వంక చూస్తున్నాను. అదే ముందు మాట్లాడింది.

"నాకు తెల్సు బావా."

"ఏటి తెల్సు?"

"పిల్లయితే నడిమికుంటాది గాని ఎడం డొక్కలోకెలగ పోతాది? మొదట్లో నానూ నమ్మీసినాను. మొన్న పడుకుని తడిమి సూసుకుంటే అంచు తగిలింది. మా సిన్నాన్నకి ఇలగే ఉండీది."

"తెలిస్తే సెప్పవేటి?"

"అత్త తల దువ్వుతంది" అంది. జుట్టు కొసలు వేలికి చుట్టుకుంటూ, "మరి నాల్రోజులు దువ్వించుకుందారనుకున్నాను" అంది.

అమ్మ లేచి ముందుకొచ్చి దాని ఎదురుగా నిలబడింది. కొడుతుందనుకున్నాను.

"తల దువ్వించుకోడానికి సచ్చిపోతావేటే గుంటా? నాను మనిసినేటి, మానునేటి?" అంది. చూరులోంచి ఖాళీ సీసా తీసుకుని గుమ్మం దాటింది. నేనొస్తానంటే వెనక్కి తిరగకుండానే, "నువ్వు దాన్ని సూసుకో. లెగనీకు" అంది. దొరసాని ముందు నోరు విప్పడానికే భయపడే మనిషి ఒక్కర్తీ పోయింది. తర్వాత డాక్టరమ్మగారు చెప్పారు. అమ్మ గుమ్మంలో నిలబడి సీసా చూపించి "బల్ల" అందట. ఆవిడ లేచి "బల్ల" అన్నారట. ఇంకో మాట అవసరం పడలేదట.

అమ్మ తిరిగొచ్చేలోగా నేను దాని పక్కన కూర్చుని, మొదటిసారి ఆ బల్లని వేళ్ళతో మెల్లగా తాకి చూశాను. తట్టడానికి భయమేసింది. అయినా నోరు ఊరుకోదు కదా. "ఎవలు సేసినారో గాని సిత్రిక బాగా పట్టినార్లే" అన్నాను.

"నువ్వు సేసిన బల్లలకన్నా నయమే" అంది కళ్ళు తెరవకుండా. "దీని కాళ్ళు ఊగవు."

నేను చేసిన బల్లల్ని అన్నందుకు ఎవరిమీదా అంత ప్రేమ పుట్టలేదు నాకు.

మందు తాగించడం వేరే యుద్ధం. అది మూతి బిగించుకుని అటు తిరిగి పడుకుంది. అమ్మ చూసి చూసి, సీసా ఎత్తి ముందు తనొక గుక్క తాగింది. అమ్మ మొహం ఎన్ని వంకర్లు పోయిందో నేను చెప్పలేను. మా ఇంటిది అది చూసి, డొక్క రెండు చేతులతో పట్టుకుని నవ్వి, నవ్వుతున్న నోట్లోనే మందు పోయించుకుంది. ఆ మర్నాడు కూడా అత్త తాగితే గాని తాగనంది. అలా రోజూ ఇద్దరూ తాగారు. నీకు జ్వరం లేదే అమ్మా అని చెప్పినా అమ్మ వినలేదు. కొన్నాళ్ళకి వినబడనూ లేదు. కొయినా తాగితే చెవుల్లో తుమ్మెదలు దూరినట్టుంటుంది. ఇద్దరి చెవులూ హోరు. ఉప్పు అడిగితే పప్పు వచ్చేది. గుసగుసలాడుకున్నా పక్క గుడిసెల వాళ్ళు గొడవనుకుని వచ్చి చూసిపోయేవారు.

వలిసెలు కోసి నూర్చే రోజులకి జ్వరం రావడం మానేసింది. బల్ల అంచు డొక్క కింద వెతికితే గాని చేతికి దొరకలేదు. డాక్టరమ్మగారు పట్టి చూసి "బల్ల లోనికి పోయినది" అన్నారు. ఇంకొన్నాళ్ళు బరువులెత్తవద్దన్నారు. ఆ కొన్నాళ్ళూ దాటిపోయాక ఒక పొద్దున్న మా ఇంటిది నీళ్ళకుండ చంకనెత్తుకుంది.

"అత్తా, నీళ్ళకి నానెల్తాను."

"పెళ్ళికా? ఎవల పెళ్ళే?" అంటూ అమ్మ వచ్చి దాని చంకలోంచి కుండ లాక్కుని తనే వాగుకి పోయింది. మందు మానేసి అప్పటికి చాలా రోజులైంది. నిజంగా వినబడకే అందో, వినబడే అందో మేమిద్దరం ఎన్నడూ అడగలేదు.