కడిగిన ఉన్ని

కురుమ ఇంట పుట్టినవాడు మురికి ఉన్ని అమ్మడు. కత్తెర పెట్టే ముందు గొర్రెల్ని వాగులోకి తోలి, ఒక్కొక్కదాన్నీ రుద్ది కడిగి, ఆరాకే కోస్తారు. జగిత్యాల పక్క పోశన్న ఖతార్ వచ్చి మూడేళ్లయినా ఆ బుద్ధి వదల్లేదు. పుట్టుకతో వచ్చింది పుడకలతో గానీ పోదంటారే, అదే.

అల్ ఘర్రాఫాలో ఉండే అర్బాబుకు, అంటే యజమానికి, ఎడారిలో గొర్రెల దొడ్డి ఉంది. మేత, కాపలా, కోత అన్నిటికీ పోశన్న ఒక్కడే. అక్కడ గొర్రె మాంసానికే. ఉన్నిని గుంటలో పారేయిస్తారు. అది చూసినప్పుడల్లా పోశన్న ప్రాణం ఉసూరుమనేది. ఈ ఏడు ధైర్యం చేసి అడిగితే, "నువ్వే తీసుకో" అన్నాడు అర్బాబు. దాణా తెచ్చే డ్రైవర్, కడప ఖాసీం, కొనే సేఠును వెతికిపెట్టాడు. ఊరికి పోయే టికెట్టు ఆ ఉన్నిలోంచే రావాలి. పోశన్న ఇంకా కళ్లారా చూడని కూతురికి మూడో ఏడు నడుస్తోంది.

బుధవారం పొద్దున్నే తొట్టి నీళ్లు తోడి అరవై గొర్రెల్నీ కడిగేశాడు. అవి తాగే నీళ్లు. మర్నాడు నీళ్ల ట్యాంకర్ వస్తుంది కదా అనుకున్నాడు. మర్నాడు అతను ఉన్ని కోస్తుంటే దుమ్ముగాలి లేచింది. రెండు రోజులు దారి మూసుకుపోయింది. అర్బాబుకు ఫోన్ చేస్తే "రేపు, రేపు" అన్నాడు. తను తాగే క్యాన్లు రెండూ చూడి గొర్రెలకే పోశాడు పోశన్న. ఎక్కడ సరిపోతాయి? ఐదు చూడి గొర్రెలు అతని కళ్ల ముందే పడిపోయాయి.

శనివారం ట్యాంకర్ వెనకే ఖాసీం వచ్చి బస్తా విప్పి చూశాడు.

"ఎందుకు కడిగినావన్నా? సేఠు మిషన్లో కడుక్కుంటాడు. మట్టితోనే తూకమేస్తాడప్పా. కడిగితే బరువు తగ్గిపోతాది గదా."

"నాకు ఎవ్వలు చెప్పలే."

"నువ్వు అడగలేదే."

అడిగి ఉంటే పోయేదేముంది? కానీ చిన్నప్పటినుంచీ చేతిలో ఉన్న పని గురించి ఎవడు అడుగుతాడు!

సాయంత్రం అర్బాబు వచ్చాడు. తిట్టలేదు, కొట్టలేదు. ఉన్ని డబ్బు చచ్చిన గొర్రెల కింద పోతుందన్నాడు, చాలనిది జీతంలో పట్టుకుంటానన్నాడు. ఉన్నదీ పోయింది, ఉంచుకున్నదీ పోయింది.

అర్బాబు కారు కదలగానే పోశన్న భార్య బాలవ్వ ఫోన్ చేసింది. ఆమెకు ఖతారైనా దుబాయే.

"దుబాయ్‌ల ఉన్ని అమ్మినవా? అయ్య ఎప్పుడస్తడని పోరి ఒక్కతీర్గ అడుగుతాంది."

పోశన్న తొట్టి వైపు నడిచాడు.

"ఉండు," అన్నాడు. "గొర్లకు నీళ్లు పెట్టాలె. మళ్ల చేస్త."