నాకు ఊపిరిపట్టు ఉంది సార్

ఆ రోజుల్లో మాకు ఇంటికొక భాష, వీధికొక భాష ఉండేవి. చెప్పులు గడప బయట విడిచి లోపలికి వెళ్ళినట్టు తమిళాన్ని వాకిట్లో విడిచి ఇంట్లోకి వచ్చేవాళ్ళం. పొద్దున బయటికి పోతూ మళ్ళీ తొడుక్కునేవాళ్ళం. ధర్మపురి జిల్లాలో మా వాళ్ళు ఎన్ని వందల ఏళ్ళుగా ఉన్నారో మా అవ్వకే తెలియదు. బడిలో తమిళం, బజారులో తమిళం, పోలీసును చూస్తే మరీ చక్కని తమిళం. తెలుగు మాత్రం అన్నం తినడానికీ, తిట్లు తినడానికీ. (తెలుగు అక్షరాలు నేను ముప్పై దాటాక కూడబలుక్కుని నేర్చుకున్నాను. తప్పులుంటే ఆ వయసును తిట్టండి.) ఇలా రోజుకు పదిసార్లు భాష మార్చే మనిషికి ఒక జబ్బు పట్టుకుంటుంది. ఇంటి మాటను ముక్కకు ముక్క తమిళంలోకి తిప్పేసి, అవతలివాడికి అర్థమైపోయిందని ధీమాగా ఉంటాడు. ఆ ధీమా నాకు కొంచెం ఎక్కువ. దాని ఖరీదు ఒక సర్కారు ఉద్యోగం.

ఎనభైల నడిమి మాట. నాకు పంతొమ్మిదేళ్ళు. మారండహళ్ళి దగ్గర మా వీధి కుర్రాళ్ళకు చెడుగుడు జట్టు ఒకటి ఉండేది. పేపర్లలో కబడ్డీ అని రాసేవాళ్ళు, తమిళంలో సడుగుడు అనేవాళ్ళు, మాకు చెడుగుడే. అందులో కూతకు వెళ్ళేవాడిని నేను. కూత తెగకుండా అవతలి గడిలోకి దూరి, దొరికినవాడినల్లా తాకి, ప్రాణాలతో గీత దాటి రావడం నా పని. నన్ను అందరూ 'ఇంజను' అని పిలిచేవాళ్ళు. మా ఇంట్లో దీనికి ఒక మాట ఉంది, ఊపిరిపట్టు. "వానికి ఊపిరిపట్టు జాస్తిరా" అంటే మా వీధిలో అంతకు మించిన బిరుదు లేదు. మా అవ్వ మాత్రం ఈ మాటను చంటిపిల్లల విషయంలో వాడేది. ఏడ్చి ఏడ్చి నీలంగా మారి ఊపిరి బిగబట్టే బిడ్డను చూసి, "ఇదీ ఇంజను మాదిరే, ఊపిరిపట్టు బిడ్డ" అనేది. దాన్నీ నేను పొగడ్తగానే తీసుకున్నాను.

మా జట్టుకు గురువు ఈల మాస్టర్. బడిలో డ్రిల్లు నేర్పేవాడు. మెడలో ఈల లేకుండా ఆయన్ను చూసినవాళ్ళు లేరు, పెళ్ళి ఫోటోలో కూడా ఉందని చెప్పుకునేవాళ్ళు. ఆయనా మా వీధివాడే. ఆ ఏడు జిల్లా జట్టుకు ధర్మపురిలో ఎంపిక పోటీ పెట్టారు. జిల్లాకు ఆడినవాడికి సర్కారు ఉద్యోగం పిలిచి ఇస్తారని, నాలాంటివాడికి బస్సు కండక్టరు పని ఖాయమని ఈల మాస్టర్ చెప్పాడు. తోలుసంచీ చంకకు తగిలించుకుని, మెట్టు మీద ఒంటికాలిపై నిలబడి, ఊరి ఆడపిల్లలందరికీ టిక్కెట్లు కోస్తున్నట్టు నేను అప్పుడే కలలు మొదలుపెట్టాను. ఎంపిక ఆదివారం. మా నాయన హోసూరులో కట్టుబడి పనికి పోయేవాడు. ఆయన ఒక్కటే మాట అన్నాడు. "గెలిస్తే కండక్టరు. లేకుంటే సోమవారం నా వెనకాలే బస్సెక్కు, సిమెంటు కలుపుదువు." వాదించడానికి చోటు లేదు. ఒక బస్సులో సంచీ తగిలించుకుని నిలబడాలి, లేదా ఇంకో బస్సులో సిమెంటు మోసే గమేలా పట్టుకుని కూర్చోవాలి, అంతే.

ఆదివారం పొద్దున్నే మైదానానికి చేరుకున్నాం. ఒక మూల షామియానా కింద బల్ల వేసుకుని ఒక డాక్టరు కూర్చున్నాడు. ఆడేముందు ప్రతివాడూ ఆయన దగ్గర కాగితం మీద సంతకం తెచ్చుకోవాలి. కళ్ళద్దాలు, తెల్లచొక్కా, ఇస్త్రీ మడత చెదరని ప్యాంటు. అంత చదువుకున్న మనిషిని అంత దగ్గరగా చూడటం నాకు అదే మొదలు. చేతులు కట్టుకుని నిలబడి నా దగ్గరున్న అతి శుభ్రమైన తమిళం బయటికి తీశాను. మా మాటలన్నీ తమిళంలోనే జరిగాయి. మీకోసం తెలుగు చేస్తున్నాను, ఒక్క మాట తప్ప.

"ఏం ఆడతావు?" అన్నాడు తలెత్తకుండా.

"సడుగుడు సార్. కూతకు పోయేది నేనే."

"మూచ్చుప్పిడిప్పు ఉందా?"

మూచ్చు అంటే ఊపిరి. పిడిప్పు అంటే పట్టు. ఊపిరిపట్టు! ఇంత పెద్ద డాక్టరు సరాసరి నా బిరుదు గురించే అడుగుతున్నాడని నా ఛాతీ రెండంగుళాలు పెరిగింది.

"ఉంది సార్! బాగా ఉంది!"

అప్పుడు తలెత్తాడు. "ఎన్నాళ్ళ నుంచి?"

"చిన్నప్పటి నుంచీ సార్. బావిలో మునిగి మునిగి వచ్చింది."

"ఇంట్లో ఇంకెవరికైనా ఉందా?"

"మా నాయనకు నాకంటే ఎక్కువ. మా తాతదైతే ఊరంతా చెప్పుకునేవాళ్ళు."

డాక్టరు కాగితం మీద ఏదో రాశాడు. "వస్తే ఎంతసేపు ఉంటుంది?"

"మామూలుగా ముప్పై సెకన్లు సార్. జనం చూస్తుంటే నలభై దాకా పోతుంది."

"జనం చూస్తుంటే ఎక్కువవుతుందా?"

"ఆడపిల్లలు చూస్తుంటే ఇంకా ఎక్కువ సార్." (అబద్ధం ఆడకూడదని చెప్పాను.)

"మందేమైనా వాడుతున్నావా?"

"పొద్దున రెండు పచ్చిగుడ్లు తాగుతాను సార్. దాంతో బాగా పెరుగుతోంది."

"పెరుగుతోందా? మరి ఎందుకయ్యా తాగుతావు?"

"పెరగాలనే సార్."

డాక్టరు కలం కింద పెట్టాడు. కళ్ళద్దాలు తీసి తుడుచుకుని, మళ్ళీ పెట్టుకుని, నన్ను పైనుంచి కిందికి చూశాడు. "తగ్గించుకోవాలని నీకు లేదా?" అన్నాడు జాలిగా. "ఎందుకు సార్, దీంతోనే కదా నాకు ఉద్యోగం వచ్చేది" అన్నాను. ఆయన నిట్టూర్చి, ఇంగ్లీషులో ఒక వాక్యం రాసి, ముద్ర కొట్టి, కాగితం చేతికిచ్చి, "జాగ్రత్తగా ఇంటికి పో, బరువులు ఎత్తకు" అన్నాడు. ఆ ముద్ర చూసుకుని నేను మురిసిపోయాను. పరుగున వెళ్ళి కాగితం ఈల మాస్టర్ చేతిలో పెట్టాను.

చదువుతూ ఉండగానే ఆయన ముఖం మాడిపోయింది. "ఏం చెప్పినావురా నాయనా నువ్వు? ఎదలో నొప్పి, తాతల కాలం నుంచీ వంశంలో ఉండాది, ఆటకు పనికిరాడు అని రాసినాడే!"

"నేను నొప్పి అనలేదు మాస్టర్. ఊపిరిపట్టు ఉండాదా అని అడిగినాడు, ఉండాది అన్నాను."

"తెలుగులో అడిగినాడా?"

"తమిళంలోనే. మూచ్చుప్పిడిప్పు ఉందా అన్నాడు."

ఈల మాస్టర్ నెత్తి కొట్టుకున్నాడు. "ఒరే ఇంజనూ, తమిళంలో మూచ్చుప్పిడిప్పు అంటే రోగంరా! ఎదలోనో ఈపులోనో కండ పట్టుకొని ఊపిరి తీయనీకుండా పొడస్తాదే, ఆ నొప్పి. నువ్వు పోయి మా తాతకు కూడా ఉండాది అని గొప్పలు చెప్పుకుంటివా?" ఆ మాట నా చెవిన ఎప్పుడూ పడలేదా అంటే పడే ఉంటుంది. కానీ మా ఇంట్లో మెడ పట్టినా, నడుం పట్టినా 'పట్టింది' అంటారంతే, ఉప్పుమూటతో కాపడం పెడతారు. పైగా ఆ పూట నా బుర్రలో కూత తప్ప ఇంకేమీ లేదు. పొగడ్త వినడానికి సిద్ధంగా ఉన్న మనిషికి రోగం పేరు కూడా పొగడ్తలాగే వినిపిస్తుందని నాకు ఆ రోజే తెలిసింది.

ఇద్దరం మళ్ళీ షామియానాకు పరుగెత్తాం. అప్పటికి అక్కడ పెద్ద వరుస. ముందున్న వాళ్ళు దారి ఇవ్వలేదు. అవతల మైదానంలో సంతకం దొరికిన కుర్రాళ్ళంతా గుంజీలు తీస్తూ, ఒళ్ళు వంచుతూ, చెమటలు పట్టేదాకా వేడెక్కుతున్నారు. నేను బల్ల ముందు చేతులు కట్టుకుని చల్లగా నిలబడి ఉన్నాను. మా వంతు వచ్చింది. ఈల మాస్టర్ ఎంత చెప్పినా డాక్టరు నమ్మలేదు. "పిల్లవాడే ఒప్పుకున్నాడు కదా, ఆట కోసం రోగం దాచమని మీరు నేర్పుతున్నారా?" అని ఎదురు కోప్పడ్డాడు. చివరికి విసుగెత్తి స్టెతస్కోపు నా వీపుకు ఆనించి, "సరే, కూత పెట్టు" అన్నాడు. ఉద్యోగం మొత్తం ఆ గొట్టం చివరే వేలాడుతోంది. నేను కళ్ళు మూసుకుని సడుగుడు సడుగుడు అని మొదలుపెట్టాను. వరుసలో ఉన్నవాళ్ళు లెక్కపెడుతున్నారు. యాభై దాటాక డాక్టరు చెవుల్లోంచి గొట్టాలు పీకేసి, "చాలు చాలు, నా చెవులు పోయాయి" అన్నాడు. పాత వాక్యం కొట్టేసి కొత్తది రాశాడు. "ఇంకెవరు అడిగినా ఏం చెప్తావు?" అన్నాడు. "మూచ్చుప్పిడిప్పు లేదు సార్, నాకు లేదు, నాయనకు లేదు, తాతకు లేదు" అని ఒప్పజెప్పాను. వరుసంతా గొల్లుమంది. నేనూ నవ్వాను.

ఆ కాగితంతో గీత దగ్గరికి చేరేసరికి ఈల ఊదేశారు. ఒళ్ళు వంచడానికి ఒక్క నిమిషం కూడా దొరకలేదు. మొదటి కూతలోనే ఒకణ్ణి తాకి వచ్చాను. ఎంపిక చేసే పెద్దలు ముగ్గురు కుర్చీల్లో కూర్చున్నారు, వాళ్ళలో ఒకాయన పక్కాయనకు నన్ను చూపించడం కంటితో చూశాను. అది చూశాక మనిషి ఊరుకుంటాడా? రెండో కూతకు అవతలి గడి చివరిదాకా దూరాను. మూలలో ఉన్నవాడి చీలమండ అందుకోవాలని ఒక్కసారిగా పక్కకు వంగాను. కుడి డొక్క మీద ఎవరో కొక్కెం వేసి లాగినట్టయింది. ఊపిరి లోపలికి పోదు, బయటికి రాదు. వంగినవాణ్ణి వంగినట్టే నిలబడిపోయాను. ఇది నా కొత్త ఎత్తేమో అనుకుని అవతలివాళ్ళు కాసేపు దగ్గరికే రాలేదు. ఐదు నిమిషాల కింద వంశం మొత్తానికి లేదని ఒప్పజెప్పి వచ్చాను, ఇప్పుడు ఏ ముఖంతో అరవను? పళ్ళు బిగించి ఇంకో రెండు సడుగుడులు లాగాను. మూడోది మాత్రం, "అబ్బా, చస్తిని మా!" అని తెలుగులో బయటపడింది. కూత తెగింది. మిగిలిన ఆరుగురూ నా మీద పడ్డారు.

వాళ్ళను లాగేశాక చూస్తే, ఇస్త్రీ ప్యాంటుతో మట్టిలో మోకాళ్ళ మీద కూర్చుని ఉన్నాడు డాక్టరు. నా డొక్క తడుముతూ, "యాడ పట్టింది నాయనా? ఈడనా? కదలాకు, మెల్లగా ఊపిరి తీయి" అన్నాడు.

నొప్పి సంగతి మరిచిపోయాను. "సార్... మీరు మనవాళ్ళేనా?"

"కడత్తూరు మాది. ఇంట్లో తెలుగే."

"ముందే చెప్పకూడదా సార్?"

"నువ్వు చెప్పినావా?" అన్నాడు. నా డొక్క మీద అరచెయ్యి ఆనించి, "కాగితంలో పేరు చూసి మనవాడేమో అని అనుమానం వచ్చింది. నువ్వు గడగడా తమిళం మాట్లాడితివి, సరేలే అనుకుంటిని" అన్నాడు.

కళ్ళద్దాలు పెట్టుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని, ముద్ర కొట్టే మనిషి మా భాషవాడై ఉంటాడన్న ఆలోచన నా బుర్రకు రానే లేదు. మా వాళ్ళంటే సిమెంటు కలిపేవాళ్ళు, మడి తవ్వేవాళ్ళు, అంతే అనుకున్నాను. ఆయన "ఎదలో యాడన్నా పట్టుకుంటాదా?" అని ఇంటి మాటలో అడిగి ఉన్నా, నేను "అంటే ఏంది సార్?" అని ఇంటి మాటలో అడిగి ఉన్నా, అంతా ఒక్క నిమిషంలో తేలిపోయేది. నేనూ అందరితోపాటు ఒళ్ళు వేడి చేసుకుని ఉండేవాణ్ణి. అది తలుచుకుని అంత జనంలో భోరుమని ఏడ్చాను. ఏడిస్తే డొక్క ఇంకా పొడిచింది. డాక్టరు నొప్పికి ఏడుస్తున్నాననుకుని మాత్ర ఇచ్చాడు.

జిల్లా జట్టులో నా పేరు రాలేదు. సోమవారం హోసూరు బస్సూ ఎక్కలేదు, నడుం నిలబడితే కదా? గురువారం ఎక్కాను. సిమెంటు కలిపాను, ఇటుకలు మోశాను, పదేళ్ళకు మేస్త్రీని అయ్యాను. ఇప్పుడు హోసూరులో నేను కట్టిన ఇళ్ళ ముందు నుంచి బస్సులో పోతూ, కండక్టరు కుర్రాడి తోలుసంచీ వైపు ఒకసారి చూడకుండా ఉండలేను. ఆ చూపుకు చిల్లర కోసమేమో అనుకుని పాపం వాళ్ళు కంగారు పడతారు.

ఒక్క తెలివి మాత్రం ఆ మైదానం నుంచి తెచ్చుకున్నాను. ఏ ఆఫీసుకు పోయినా, ఏ ఆసుపత్రికి పోయినా, ఇస్త్రీ చొక్కా ముందు నిలబడి తమిళం మొదలుపెట్టే ముందు, మోకాలు పట్టుకుని "అబ్బబ్బా, చస్తిని మా" అని తెలుగులో గట్టిగా మూలుగుతాను. చాలాచోట్ల ఎవరూ పట్టించుకోరు. పోయిన నెల బ్యాంకులో కంప్యూటరు వెనకనుంచి ఒక చిన్నపిల్ల తలెత్తి, "ఏం తాతా, కాలు నొస్తాదా?" అంది.

"ఏమీ లేదు పాపా" అన్నాను. నిజంగా ఏమీ లేదు.