ఆధారం లేని అధ్యాయం

మా ఆయన అమెరికా ముఖం చూడలేదు. మా తార్నాక పక్కనే ఉన్న లాలాపేట్‌లో చుట్టాలింటికి పోదామన్నా మోకాళ్ళ నొప్పి అని వంక పెట్టే మనిషి, అమెరికా పత్తి రైతుల మీద ఇంగ్లీషులో మూడు పుస్తకాలు రాశాడు. అక్కడి కౌళ్ళు, పంట రేట్లు, పెళ్ళిళ్ళు, చావులు, పిల్లల చదువులు, అన్నీ యూనివర్సిటీ లైబ్రరీలో కూర్చుని చదివినవే. వాళ్ళ నాన్న ఒకరి భూమిలో పాలుకు పత్తి వేసినవాడు. అందుకేనేమో, ఏ దేశం పత్తి అయినా ఈయనకు సొంత గొడవే.

రాసే ముందు ప్రతి అధ్యాయాన్నీ నాకు తెలుగులో చెప్పేవాడు. పొద్దున్నే తార్నాక నుంచి క్యాంపస్‌లోకి, ఆర్ట్స్ కాలేజీ దాకా నడిచేవాళ్ళం. నా ఇంగ్లీషు అంతంత మాత్రం. మధ్యలో ఆపి "ఎందుకట్ల?" అని అడిగేదాన్ని. జవాబు తట్టకపోతే ఇంటికొచ్చి టిఫిన్ కూడా ముభావంగా తినేవాడు. నాకు అర్థమైందని నమ్మకం కుదిరాకే ఇంగ్లీషులో రాసేవాడు. ఆ అధ్యాయం రాయడం పూర్తయ్యాక, అన్నిటికన్నా చివర, ఏ మాట ఏ కాగితంలో చదివాడో చిన్న చిన్న అట్టముక్కల మీద రాసుకునేవాడు. అవే పుస్తకంలో ఫుట్‌నోట్లయ్యేవి. ఆధారాలు చివరికి వదిలేస్తే శిష్యులను తిట్టిపోసేవాడు. తను మాత్రం అదే చేసేవాడు. అంతా తలలో ఉందని పొగరు.

నాలుగో పుస్తకం, పొలాల్లోకి యంత్రాలు వచ్చాక బయటికి నెట్టేసిన కౌలు కుటుంబాల గురించి. ఐదు అధ్యాయాలు రాశాడు. వాళ్ళంతా ఎక్కడికి పోయారన్నది ఆరో అధ్యాయం. అదంతా నాకు నడకలో చెప్పాడు. అందులో ఒకామె, ఖాళీ చెయ్యమన్న రోజున సామాను బండికెక్కించి, మళ్ళీ లోపలికి పోయి ఇల్లంతా ఊడ్చి మరీ బయల్దేరిందట.

"ఎళ్ళగొట్టినోళ్ళ ఇల్లు ఎందుకు ఊడుస్తది?" అన్నాను.

"నేనూ అదే ఆలోచిస్తున్న. నువ్వైతే ఊడుస్తవా?"

"ఊడుస్త. నా ఇల్లు గలీజు అని ఎవ్వరు అనొద్దు కదా."

ఆయన నడక ఆపేశాడు. "ఇది రాయాలె" అన్నాడు. ఇన్నేళ్ళలో నా మాట ఒకటి పుస్తకంలోకి ఎక్కబోతోందని లోపల మురిసిపోయాను, పైకి మాత్రం ఎండెక్కుతోంది నడవమన్నాను.

రాయలేదు. ఆ వారమే జ్వరం వచ్చింది. ఆసుపత్రిలో చేర్చాం. అక్కడి నుంచి ఇంటికి రాలేదు.

ఆయన దగ్గర పీహెచ్‌డీ చేసిన అమ్మాయి ఇప్పుడు ఆయన పనిచేసిన హిస్టరీ డిపార్ట్‌మెంట్‌లోనే పాఠాలు చెబుతోంది. పుస్తకాన్ని అచ్చుకు సిద్ధం చేసే పని తనే నెత్తికెత్తుకుంది. ఆరో అధ్యాయం నాకు తెలుసని చెప్తే నమ్మలేనట్టు చూసింది. మధ్యాహ్నాలు వచ్చి కూర్చునేది. నేను చెబుతుంటే ఇంగ్లీషులో టైపు చేసుకునేది. నిజం చెప్పాలంటే, ఆయన పోయాక నేను కడుపు నిండా అన్నం తిన్నది ఆ రోజుల్లోనే. చెబుతున్నంతసేపూ పక్కన నడుస్తున్నట్టే ఉండేది.

తర్వాత అట్టముక్కల దగ్గరికి వచ్చాం. ఐదు అధ్యాయాలవీ వరసగా ఉన్నాయి. ఆరోదానికి ఒక్కటీ లేదు. ఆ అమ్మాయి లైబ్రరీలో ఆయన తిరగేసిన అరలన్నీ తిరగేసింది. అమెరికా లైబ్రరీలకు కూడా మెయిళ్ళు పెట్టింది. ఆ ఇల్లు ఊడ్చినామె ఎక్కడా దొరకలేదు.

ఒకరోజు వచ్చి, ఇచ్చిన చాయ్ ముట్టకుండా కూర్చుంది.

"అమ్మా, అయినా పెట్టేద్దాం. సార్ మీకు చెప్పిండ్రని కింద రాస్తా. ఎవ్వరు అడగరు."

"మీ సార్ ఉంటే ఏమంటుండె బిడ్డా?"

ఏమనేవాడో ఇద్దరికీ తెలుసు. ఎక్కడుందో చూపించలేకపోతే అది చరిత్ర కాదు, ముచ్చట అనేవాడు. ఈ పిల్ల థీసిస్‌లోనే అలాంటి పేజీలకు పేజీలు కొట్టేసి ఏడిపించాడు.

"తీసెయ్" అన్నాను.

కాదు, ఉంచుదాం అని నాతో కొట్లాడుతుందేమోనని ఆశపడ్డాను. కొట్లాడలేదు. ఆయన దగ్గర అంత బాగా చదువుకుంది మరి. కళ్ళు తుడుచుకుని లాప్‌టాప్ మూసింది. ఆమె వెళ్ళాక ఆయన మీద నాకు చచ్చేంత కోపం వచ్చింది. పోయినవాడి మీద కోపం ఎవరి మీద తీర్చుకోను? ఆ పూట వంట చెయ్యలేదు.

పుస్తకం వచ్చింది. ఐదో అధ్యాయం చివర సామాను ఎక్కించిన బండ్లు రోడ్డు మీద నిలబడి ఉంటాయి, అక్కడితో అయిపోతుంది. డిపార్ట్‌మెంట్‌లో చిన్న సభ పెట్టి నాకు శాలువా కప్పి ముందు వరసలో కూర్చోబెట్టారు. బయటి నుంచి వచ్చిన ఒక ప్రొఫెసర్ పుస్తకాన్ని చాలా మెచ్చుకున్నాడు. ఒక్కటే లోటు అన్నాడు. ఆ కుటుంబాలు చివరికి ఏమయ్యాయన్న సంగతి రచయితతో పాటే పోయింది, ఇక ఎవరికీ తెలిసే దారి లేదు అన్నాడు.

అందరూ తలలూపారు. ఎవరు ఏ ఊరు చేరారో, ఎవరి పిల్లలు బడి మానేశారో, ఆ ఇల్లు ఊడ్చినామె పట్నంలో ఎవరి బట్టలు ఉతికి బతికిందో నాకు తెలుసు. శాలువా ఒళ్ళో పెట్టుకుని నేనూ తలూపాను.