పొదుగు చూడని డాక్టరు

2004లో నేను చీరాల పక్కన ఒక పశువుల ఆసుపత్రిలో పనిచేసేవాణ్ణి. పేరుకు అన్ని జంతువులకూ డాక్టర్నే గానీ, వచ్చేవన్నీ గేదెలే. అలాంటిది ఒకరోజు నేతగాళ్ళ వీధి పెద్ద సుబ్బారావు గారు వచ్చి పిల్లుల గురించి మొరపెట్టుకున్నారు.

వీధిలో దిక్కులేని పిల్లులు ఇరవై దాకా ఉన్నాయట. నేసేవాళ్ళు కాళ్ళు పెట్టుకునే మగ్గం గుంటల్లో ఈనుతున్నాయి, మగ్గం మీద బిగించిన నిలువు పోగుల పడుగు మీదికెక్కి నూలు తెంపుతున్నాయి. చంపితే పాపం గనక గోతాల్లో కట్టి కాలువ అవతల వదిలేస్తామన్నారు. నేను వద్దన్నాను. ఇవి పోతే గంజి పెట్టిన నూలును ఎలుకలు బతకనివ్వవు, పైగా కొత్త పిల్లులు వచ్చి చేరతాయి. అందుకని పట్టుకుని స్పే ఆపరేషన్ చేసి, అంటే గర్భసంచీ తీసేసి, గుర్తుగా చెవి కొస కత్తిరించి, పట్టుకున్న చోటే వదులుదామన్నాను. ఆయన అరమనసుతో ఒప్పుకున్నారు. ఏ తేడా వచ్చినా గోతాలేనన్నారు.

ఆ వీధిలో నూలు కండెలు చుట్టే కోటమ్మ గారు పిల్లులకు రోజూ పెరుగన్నం పెట్టేవారు. ఆవిడ పిలిస్తే బోనులోకి కూడా వచ్చేవి. అలా ఆరింటికి ఆపరేషన్లు చేసి, నా అంతవాడు లేడనుకున్నాను. ఏడోది బూడిదరంగు పిల్లి. ఆ రోజు కోటమ్మ గారు పర్చూరు వెళ్ళారు. ఎండుచేప ఎర వేసి ఆసుపత్రి వాళ్ళమే పట్టాం. ఫ్లాంక్ పద్ధతిలో, అంటే పొట్ట కింద కాకుండా డొక్క పక్కన కోసి, పని ముగించి బోనులో ఉంచాను.

మర్నాడు పొద్దున్నే కోటమ్మ గారు గబగబా వచ్చి బోనులోకి వంగి చూశారు.

"ఇది పాలిచ్చే పిల్లి అండీ. గేదె దగ్గరికొస్తే ముందు పొదుగు మీద చెయ్యేస్తారు గదా, దీనికి చూళ్ళేదా?"

చూడలేదు. పక్కకు పడుకోబెట్టి, గుడ్డ కప్పి కోసేశాను.

నిన్నటి నుంచి వీధిలో ఎక్కడో కూనల అరుపు వినిపిస్తోందట, ఎక్కడో ఎవరికీ తెలియడం లేదట. ఇల్లిల్లూ వెతుకుదామన్నాను.

"మనకి దొరకవండీ. దాన్ని వదలండి, అదే చూపిస్తుంది."

కుట్లు వేసి ఒక్కరోజే అయింది. అయినా బోను వీధిలోకి తీసుకెళ్ళి తలుపు తీశాను. పిల్లి కుంటుతూ నేరుగా సుబ్బారావు గారింట్లోకి పోయి, పడుగు దించేసి ఖాళీగా ఉన్న మగ్గం గుంటలోకి దిగింది. గర్భసంచీ తీసినా పాలు ఆగవు. మూడు కూనలు దాని పొట్టకు అతుక్కుపోయాయి. నాలుగోది అప్పటికే చల్లబడిపోయింది.

వెనక సుబ్బారావు గారు నిలబడి ఉన్నారు. ఇక గోతాలేనంటారనుకున్నాను. ఆయన ఆ చచ్చిన కూన వైపు చూశారు.

"ఈ మగ్గానికి పడుగు రేపెక్కించాలండీ. పదిరోజులాగి ఎక్కిస్తాలెండి" అన్నారు.

కోటమ్మ గారు ఆ కూనను పాతగుడ్డలో చుట్టి చేతుల్లోకి తీసుకున్నారు. "పిల్లిని కూడా గేదెను చూసినట్టే చూడండి డాక్టరు గారూ" అని వెళ్ళిపోయారు.

మిగతా పిల్లులన్నిటికీ ఆ ఏడాదిలోనే ఆపరేషన్లు పూర్తిచేశాను. ఒక్కదాన్నీ గోతంలో కట్టలేదు. ఇప్పటికీ ఎంత చిన్న ప్రాణి నా బల్ల మీదికొచ్చినా, మత్తు సూది పట్టుకోకముందే నా చెయ్యి దాని పొట్ట కిందికి పోతుంది.